పగలు ముత్తాత పోలిక, మాపు తల్లి పోలిక

అవిరిక్కుప్పంలో శెంబగం తన ఇంటి నీలి బాన మూత ఎత్తకూడదు. ఆమె చెయ్యి తగిలితే బాన చచ్చిపోతుందని అత్త అంజలై తీర్పు చెప్పింది. తీర్పు చెప్పి చాలా ఏళ్ళయింది. ఎవరూ తిరిగి విచారించలేదు.

బాన అంటే మెడ దాకా నేలలో పాతిన మట్టి కాగు. నీలిమందు, సున్నపు తేట, తగిరిస గింజల ఉడుకునీళ్ళు అందులో పులుస్తూ ఉంటాయి. రంగులవాళ్ళ వీధిలో బానను ప్రాణం ఉన్నదాని కిందే చూస్తారు. దానికి ఆకలేస్తే బెల్లం పెడతారు. చలేస్తే గోనెపట్టా కప్పుతారు. అలిగితే బతిమాలతారు. కోడలికి కూడా ఆకలీ చలీ అలకా ఉంటాయన్న సంగతి ఆ వీధి ఇంకా కనిపెట్టలేదు.

శెంబగానికి బాన పని తల్లి సెల్వి నేర్పింది. పరమక్కుడి నుంచి ఈ ఇంటికి కాపురానికి వచ్చేనాటికే, నీళ్ళ మీద తేలే రాగి మెరుపు చూసి బాన పండిందో లేదో చెప్పగలిగేది. కొన్నాళ్ళు చెప్పింది కూడా. తర్వాత కూతురు కుయిలి పుట్టింది. నడక వచ్చింది. పొద్దు వాలితే చాలు, ఆ పిల్ల ఎదురుగా ఉన్న నీళ్ళబిందెను కూడా తన్నుకుని పడేది. అదే వానాకాలంలో ముసురు పట్టి బాన చల్లబడి చచ్చింది. గోనెపట్టా కప్పాల్సిన మాణిక్కవేల్ ఆ వారమంతా కబడ్డీ పోటీలు చూస్తూ కూర్చున్నాడు. అంజలై రెండింటినీ కలిపి ఒకే ముడి వేసింది. బిడ్డ కళ్ళలో చీకటి తెచ్చింది తల్లి, బానను చంపిందీ తల్లే. ఆ రోజు నుంచి శెంబగం పని తిన్నె మీదికి మారింది. నూలుకు కట్లు కట్టడం, వంట, వాకిట్లో ముగ్గు. ఆమె నోరెత్తలేదు. ఎత్తితే వినేవాళ్ళెవరో ఆమెకు తోచలేదు.

ఇంతకూ అంజలై ఆమెకు అత్త మాత్రమే కాదు, సొంత అమ్మమ్మ. సెల్వి అంజలై కన్న కూతురు. సెల్వి తమ్ముడు మాణిక్కవేల్‌కే శెంబగాన్ని ఇచ్చి చేశారు. మేనమామ ఉండగా బయట సంబంధం చూస్తే పిల్లకేదో లోపముందని ఆ వీధి అనుకుంటుంది. అందుకని లోపం మాట రాకుండా ఇంట్లోనే ఇచ్చేసుకుంటారు. ఆ లెక్కన కుయిలికి అంజలై నాయనమ్మా అవుతుంది, ముత్తవ్వా అవుతుంది. శెంబగం తండ్రి ముత్తయ్యను మాణిక్కవేల్ బావా అని పిలవాలో మావయ్యా అని పిలవాలో తేల్చుకోలేక, ఏమండీ అని సరిపెట్టుకునేవాడు.

ఇంత దగ్గరగా చేసుకోవడానికి వాళ్ళకొక గొప్ప కారణం కూడా ఉంది. నీలికన్ను. అంజలై తండ్రి శడయప్పన్‌కు ఆ కన్ను ఉండేదట. ఆరిన నూలు చిలపలు, అంటే నూలు చుట్టలు, వరసగా వేలాడదీస్తే, ఏది ఏ బానలో ముంచిందో దూరం నుంచే చెప్పేవాడట. ఆ కన్ను గడప దాటి పోకూడదని పిల్లల్ని గడప దాటనివ్వలేదు. దాటిన సెల్వి కూతుర్ని కూడా తిరిగి లోపలికే తెచ్చుకున్నారు.

అదే శడయప్పన్ దీపాలు పెట్టే వేళ అయితే అరుగు దిగేవాడు కాడు. జపం అన్నారు. తప్పక వెళ్ళాల్సి వస్తే ఒకరు చెయ్యి పట్టుకుని నడిపించేవాళ్ళు. పెద్దరికం అన్నారు. ఒక పెళ్ళి విందులో పక్కవాడి విస్తట్లో చెయ్యి పెట్టి సాంబారన్నం కలుపుకుని తింటే భక్తి పారవశ్యం అన్నారు. ఆ పెద్దరికం అంతటితో ఆగలేదు. ఇప్పటికీ ఆ ఇంటి పెళ్ళికొడుకును, కళ్ళు నిక్షేపంగా ఉన్నా సరే, సాయంత్రం ఊరేగింపులో ఒకరు చెయ్యి పట్టుకుని నడిపించాలి. చేతిమర్యాద అంటారు దాన్ని. మాణిక్కవేల్ పెళ్ళిలో పట్టుకున్నవాడు తాగి ఉండటంతో మర్యాదతో సహా ఇద్దరూ కాలవలో పడ్డారు. ఆ ఉదయమే వధూవరులతో పాటు పందిరి పందిరంతా, సూర్యుడు నడినెత్తికి వస్తుండగా, అరుంధతీ నక్షత్రాన్ని చూసింది. పట్టపగలు చుక్కను చూడగలిగిన ఆ జనానికి, ఒక ముసలాయనకు మాపటేళ కళ్ళు కనిపించేవి కావని మాత్రం ఎన్నడూ కనిపించలేదు.

కుయిలి విషయంలో అంజలై న్యాయం పొద్దును బట్టి మారేది. పగటిపూట ఆ పిల్ల తడిక మీది చిలపల్లోంచి తమ బానలో ముంచినది ఏరి తెస్తే, అంజలై వీధంతా వినేలా అనేది:

“చూశారా, మా నాయన కన్ను. యాడికి పోతాది.”

సాయంత్రం అదే పిల్ల రుబ్బురోలుకు మోకాలు కొట్టుకుంటే, అదే నోరు లోపలికి తిరిగేది.

“ఆ పరమక్కుడి రక్తం. నా కూతురు ఆ ముత్తయ్య గాణ్ణి చేసుకోబట్టే కదా ఈ రాత. ఇంటల్లుడని పేరే గానీ, బయటి మనిషి బయటి మనిషే.”

పగలు ముత్తాత పోలిక, మాపు తల్లి పోలిక. ఒకే పిల్ల, ఒకే జత కళ్ళు.

బడిలో కళ్ళ పరీక్షలు పెట్టినప్పుడు కుయిలిని చూసిన వాళ్ళు పుదుచ్చేరిలో ఒక కంటి ఆసుపత్రికి పంపారు. అక్కడ డాక్టర్ రెజీనా ఇంట్లోవాళ్ళ రక్తం కావాలని అడిగింది. అంజలై తన చెయ్యి ఇవ్వనంది. సెల్వి అప్పటికే పోయింది. కానీ ముత్తయ్యనూ, శెంబగం చెల్లెలు పూంగొడినీ పరమక్కుడి నుంచి పిలిపించి మరీ పంపింది.

“వాళ్ళది చూడమను. దొంగ ఆడే దొరుకుతాడు” అంది.

మాణిక్కవేల్ కూడా ఇచ్చాడు, తన రక్తానికి మెచ్చుకోలు వస్తుందని. ఫలితం తెలిసే రోజుకు భార్యాభర్తలే వెళ్ళారు. మాదేముందో మా శెంబగానికే చెప్పండి అని తండ్రీ చెల్లెలూ ముందే ఒప్పుకుని ఉన్నారు.

రెజీనా నిదానంగా చెప్పింది.

“కడుపులో బిడ్డకు కన్ను ఎట్టా వస్తుందో తెలుసా అమ్మా? మెదడు నుంచి చిన్న మొగ్గ లాంటిది ముందుకొస్తుంది. అది లోపలికి నొక్కుకుని గిన్నెలాగా అవుతుంది. ఆ గిన్నె లోపలి పొరే రెటీనా. అక్కడ పుట్టే ప్రతి కణానికీ, నువ్వు ఫలానా పని చెయ్యి అని జన్యువులు వరసలో చెప్తా వస్తాయి. కొన్ని వెలుతుర్లో రంగులు చూడాలి. కొన్ని మసక చీకట్లో చూడాలి. చీకటి కోసం ఉండాల్సిన కణం రంగుల పనికి పోకుండా ఆపే జన్యువు ఒకటుంది.”

శెంబగం అడిగింది:

“మా కట్టు లాగానా మేడం? నూలుకు గట్టిగా కట్టు కడతాం. కట్టిన చోట రంగు ఎక్కదు. కట్టు జారితే అంతా నీలమే.”

“అట్లాగే అనుకోమ్మా. మీ పాపకు ఆ కట్టు జారింది. చీకటి కణాలు కావాల్సినవి నీలం చూసే కణాలు అయి కూర్చున్నాయి. అందుకే పొద్దు పోతే తనకేమీ కనిపించదు.”

మాణిక్కవేల్ కుర్చీలో ముందుకు జరిగాడు. “అంటే నీలికన్ను నిజమేనన్నమాట. మా తాతది.”

“నీలం వెలుగు ఆ పిల్లకు మామూలుకన్నా గట్టిగా తగుల్తుంది. అంతవరకే నేను చెప్పగలను. రంగుల తేడా అందరికన్నా బాగా చెప్తుందంటే అది మీ మాట, నాది కాదు. మీ తాతకు రాత్రిళ్ళు కనిపించేదా?”

“ఆయన జపం...” అని మాణిక్కవేల్ ఆగిపోయాడు. మిగతాది శెంబగం చెప్పింది. చెయ్యి పట్టుకుని నడవడం, పక్క విస్తరి, అన్నీ. రెజీనా నవ్వలేదు. కాగితం తీసుకుని ఆడవాళ్ళకు సున్నా, మగవాళ్ళకు చదరం గీస్తూ పోయింది.

“ఏ జన్యువైనా రెండుంటాయి. తల్లి నుంచి ఒకటి, తండ్రి నుంచి ఒకటి. ఒక కట్టు గట్టిగా ఉంటే చాలు, కన్ను సరిగ్గా తయారవుతుంది. రెండూ జారితేనే ఇట్టా. మీ తాతకు రెండూ జారి ఉంటాయి. ఆయన కూతురంటే మీ అమ్మకు అందులో ఒకటి రాక తప్పదు. అది మీకూ వచ్చింది, మీ అక్క సెల్వికీ వచ్చింది. సెల్వి నుంచి మీ భార్యకు. మీ ఇద్దరి నుంచీ చెరొకటి పాపకు.”

“మరి మా బావ...”

“ముత్తయ్య గారి దాంట్లో ఏమీ లేదు. రెండు కట్లూ గట్టివే. పూంగొడికి ఒకటి జారింది, మీకున్నట్టే.”

ఆ ఇంటి చుట్టూ తిరిగిన రక్తంలో మచ్చ లేనిది ఒక్కడిదే. ఇన్నేళ్ళుగా తిట్లు తిన్న పరమక్కుడి అల్లుడిది.

తిరుగు బస్సులో మాణిక్కవేల్ కిటికీలోంచి చూస్తూ అన్నాడు:

“ఇంట్లో చెప్పబాకు. మీ నాయనతో కూడా. అమ్మ తట్టుకోలేదు.”

“నన్ను అంటుంటే నేను తట్టుకోవడంలా, మామా?”

“నీకు అలవాటే కదా.”

ఇంటికొచ్చి అతను తల్లితో అబద్ధమేమీ ఆడలేదు. “రక్తంలో వచ్చిందంట” అన్నాడు, అంతే. ఏ రక్తమో చెప్పలేదు. అంజలై అడగలేదు. “నేను చెప్పలా?” అని తాంబూలం నమలడం మొదలుపెట్టింది. ముత్తయ్య ఫోన్ చేసి ఏమన్నారని అడిగితే, డాక్టరమ్మ ఇంకా చూస్తా ఉందన్నాడు మాణిక్కవేల్. శెంబగం పొయ్యి ముందు కూర్చుని విన్నది. 

కొన్నాళ్ళకు అంజలై అసలు మాట బయటపెట్టింది. చీకట్లో చూడగల పిల్లాడొకడు ఈ ఇంటికి కావాలి. రక్తం చెడ్డ చోట రక్తం మార్చాలి. పూంగొడిని మాణిక్కవేల్‌కు చేసుకుందాం.

శెంబగానికి మొదట అర్థం కాలేదు. అర్థమయ్యాక గరిటె కింద పెట్టింది.

“అది నా చెల్లెలు అమ్మమ్మా. నా రక్తం చెడ్డదైతే దానిదెట్టా మంచిదయింది? ఇద్దరికీ నాయన ఒకడే కదా?”

“దాని మొహం చూడు, అచ్చం నా సెల్వి. నువ్వు మీ నాయన పోలిక. ఆ ముక్కు చూస్తేనే తెలియడంలా?”

పుదుచ్చేరిలో అంత ఖరీదైన యంత్రాలు పెట్టుకుని వారాల తరబడి చూసిన సంగతిని అంజలై ముక్కు చూసి తేల్చేసింది.

పెళ్ళాం బతికుండగా ఇంకో పెళ్ళి చట్టం ఒప్పుకోదు కదా అని టీకొట్టు దగ్గర ఎవరో అంటే, “చట్టాన్ని పిలవలేదులే, భోజనాలకు మిమ్మల్నే పిలిచాం” అన్నాడు మాణిక్కవేల్. అడిగినవాళ్ళు నవ్వి, పాయసం ఉంటుందా అని అడిగారు. ఆ వీధి నీతి అక్కడితో చల్లబడింది.

నిశ్చితార్థానికి ముందురోజు సాయంత్రం ముత్తయ్య, పూంగొడి దిగారు. పూంగొడి వచ్చీరాగానే అక్క పక్కన కూర్చుని, నూలుకు కట్టు కడుతూ మెల్లగా అడిగింది.

“నువ్వే రమ్మన్నావంట కదా అక్కా. ఇంటికి తోడుంటానని. నాకిష్టం లేదు, నువ్వు అడిగావని ఒప్పుకున్నా.”

శెంబగం చేతిలో దారం ఆగిపోయింది. “నేనా? ఎవరు చెప్పారు?”

“మామ.” పూంగొడి అక్క మొహంలోకి చూసింది. “నా రక్తం కూడా తీశారు కదా. ఏమన్నారు?”

మాణిక్కవేల్ గుమ్మంలో నిలబడి ఉన్నాడు. “ఆడవాళ్ళ కబుర్లు తర్వాత, ముందు దానికి కాఫీ ఇవ్వు” అన్నాడు. ఆ పైన పూంగొడిని అంజలై తన గదిలోకి పిలిచి అక్కడే కూర్చోబెట్టుకుంది.

చెల్లెలి చెవిలో చెప్తే ఏమవుతుందో శెంబగానికి తెలుసు. సవతి కుళ్ళు అంటారు. మాణిక్కవేల్ కాదంటాడు. ఇంట్లో చెప్తే ఇల్లే మింగేస్తుంది. చెల్లెలి కడుపున పుట్టే ప్రతి బిడ్డకూ నాలుగింట ఒక వంతు ఇదే ముప్పు. ఆ బిడ్డ కూడా పగలు ముత్తాతది, మాపు తల్లిది అవుతుంది. చెల్లెలు కూడా తిన్నె మీదికి వస్తుంది. తిన్నె మీద ఇద్దరికి చోటుందని ఆమెకు ఆ సాయంత్రమే తట్టింది. చాలా చోటుంది.

ఆ ఇంట్లో ఎవరూ ఆమెకు వద్దని చెప్పని పని ఒకటే మిగిలింది. వాకిట్లో ముగ్గు.

“బాన దగ్గర్నుంచి ఒక నీలిబిళ్ళ తెచ్చిపెట్టు” అని కుయిలిని అడిగింది. నీలికన్ను పిల్ల కాబట్టి బాన కొట్టంలోకి కుయిలి పోవచ్చు. తెచ్చింది.

తెల్లవారుతుండగా శెంబగం వాకిలి కడిగి బియ్యప్పిండితో కూర్చుంది. పద్మాలు వేయలేదు, తీగలు వేయలేదు. అరుగు పక్క పెద్ద చదరం గీసి దాన్ని నీలంతో నింపింది. దాని కిందికి గీత దించి ఒక సున్నా, అందులో సగం నీలం. దాని కింద ఒక సున్నా, ఒక చదరం, రెండూ సగం నీలమే. ఆ సున్నా పక్కన ఒక తెల్ల చదరం. వాటి కింద మరో రెండు సున్నాలు, రెండూ సగం నీలం. ఒక సున్నా నుంచి పైవరసలోని మేనమామ చదరానికి పెళ్ళిగీత లాగింది. అది వంకరగా, ఎక్కాల్సిన చోటికి ఎక్కి కలిసింది. దాని కింద చిన్న సున్నా. నిండా నీలం.

ఆ వీధి ఆడవాళ్ళకు పుస్తకం చదవడం రాకపోవచ్చు గానీ ముగ్గు చదవడం వచ్చు. గీత ఎక్కడ మొదలై ఎక్కడ మలుపు తిరిగి ఎక్కడికి చేరిందో చూడకుండా ఎవరూ ముందుకు నడవరు. పళ్ళేలతో వచ్చినవాళ్ళు ముగ్గు తొక్కలేక వీధిలోనే ఆగిపోయారు.

“ఇదేం ముగ్గే శెంబగం? చుక్కలు లేవు, పువ్వు లేదు.”

“మా ఇల్లు అక్కా.”

“ఈ నీలపు గడి?”

“శడయప్పన్ తాత.”

“నిండా నీలమెందుకు?”

“సాయంత్రమైతే ఆయనకు కళ్ళు కనిపించేవి కాదు కాబట్టి. కుయిలికి లాగే.”

 ఒక ముసలావిడ నోరు నొక్కుకుని, “అవును, నా పెళ్ళిలో ఆ పెద్దాయన మా ఆయన విస్తట్లోనే కదా తిన్నాడు” అంది. ఎవరో నవ్వారు. జపం ఆ నవ్వుతో పోయింది.

అంజలై గుమ్మంలోకి వచ్చింది. ఆమె కూడా ముగ్గు చదవడం తెలిసినదే. చూపు చిన్న సున్నా దగ్గర మొదలై, అమ్మవైపు గీత పట్టుకుని పైకి వెళ్ళింది. పెద్ద చదరం కిందున్న సగం నీలపు సున్నా దగ్గరికి చేరింది. మళ్ళీ కిందికొచ్చి నాన్నవైపు గీత పట్టుకుంది. అదే సగం నీలం దగ్గరికి చేరింది. మూడోసారి పూంగొడి దగ్గర్నుంచి బయల్దేరింది. అక్కడికే.

“ఇది నేనా?” అంది.

“నువ్వే అమ్మమ్మా.”

ఈలోగా ముత్తయ్య వంగి వంగి తన గడి వెతుక్కున్నాడు. దొరికింది. “నాది ఖాళీగా ఉందే?” అన్నాడు.

“నీలో ఏమీ లేదు నాయనా. డాక్టరమ్మ చెప్పింది.”

ఆయన ఆ తెల్ల గడి పక్కనే వీధిలో చతికిలబడి నవ్వడం మొదలుపెట్టాడు. నవ్వుతూనే కళ్ళు తుడుచుకున్నాడు. “అత్తా, నీ ఇంటికి బయటి మనిషిని ఇంకొకణ్ణి తేవాల్సింది నువ్వు” అన్నాడు.

అంజలై కొడుకు వైపు తిరిగింది. “ఇది నిజమారా?”

మాణిక్కవేల్ పంచె అంచు సర్దుకున్నాడు. ఆకాశం వైపు చూశాడు. అరుంధతి ఏమైనా కనిపిస్తుందేమో మరి. “అట్టా అన్నట్టే గుర్తు” అన్నాడు చివరికి.

పూంగొడి తలలోని పూలదండ తీసి అరుగు మీద పెట్టింది. “అక్కే నన్ను రమ్మందని చెప్పావే మామా. అది కూడా గుర్తుందా?” అంది. జవాబు కోసం ఆగకుండా వెళ్ళి అక్క పక్కన నిలబడింది.

తాంబూలాలు మారలేదు. పాయసం మాత్రం అందరూ తిన్నారు, ముగ్గు అవతలే నిలబడి.

అంజలై క్షమించమని అడిగిందనుకునేరు. అడగలేదు. మధ్యాహ్నం దాకా గదిలో ఉండి బయటికొచ్చి, “ఏమైతేనేం, నీలికన్ను మా నాయనదే కదా” అంది. తర్వాత ఇంకా మెల్లగా, “బానకు పొద్దున్నుంచి ఎవరూ బెల్లం వేయలా” అంది. శెంబగం లేచి కొట్టంలోకి వెళ్ళి మూత ఎత్తింది. నీళ్ళ మీద రాగి మెరుపు తేలుతూ ఉంది. బాన చావలేదు. ఆమె బెల్లం వేసి, ఒక నూలు చిలపను ముంచి తీసింది. గాలి తగిలి ఆకుపచ్చ నీలం కావడం వాకిట్లోంచి కుయిలి చూస్తూ ఉంది. పొద్దు వాలకముందే ఇంట్లో రెండు దీపాలు ఎక్కువ పెట్టారు, ఒకటి రుబ్బురోలు దగ్గర.

ఇది చదివిన మిమ్మల్ని కొన్ని అడుగుతున్నాను. మీ ఇంట్లో గానీ పక్కింట్లో గానీ ఒక బిడ్డ సందెవేళ తడబడుతుంటే, ఇది ఎవరి కడుపు పాపమని అడగకండి. కళ్ళ డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళండి. తల్లి ఒక్కదాన్నే పంపకండి, తండ్రిని కూడా చెయ్యి చాపమనండి. మేనరికం చేసుకోబోయే ఇంట్లో చూపు లేనివాళ్ళు ఉన్నారా అని పెళ్ళికి ముందే నోరు విప్పి అడగండి, జపాలనూ పెద్దరికాలనూ కాస్త గట్టిగా అడగండి. జన్యు పరీక్ష, దాన్ని అర్థమయ్యేలా చెప్పే మనిషి పుదుచ్చేరి దాకా పోకుండా మీ జిల్లా ఆసుపత్రిలోనే ఉండాలని అర్జీ పెట్టండి, దాని వెంట పడండి. బిడ్డ కళ్ళ సాకుతో భార్యను పక్కకు నెట్టి ఇంకొకత్తెను తెచ్చుకునేవాడు మిమ్మల్ని విందుకు పిలిస్తే వెళ్ళకండి. పాయసం బాగుంటుందని ఎవరైనా చెప్పినా సరే, వెళ్ళకండి.